తడకకు తాళం

చూడదగ్గ చోట్ల కోసం ప్రయాణాలు చేసే అదృష్టం నాకు లేదు. నా ప్రయాణాలన్నీ చనిపోయిన కళాకారుల ఇళ్ల వైపే. పాతికేళ్లుగా సినిమాలకి కథలు రాస్తున్నాను. అందులో ఆడినవి మూడు. మూడూ కళాకారుల జీవితాలే: ఒక వీణ విద్వాంసుడు, రాతిబొమ్మలు చెక్కే ఒక ఆయన, ఒక నాటకాల నటి. దాంతో పరిశ్రమలో నాకు 'తద్దినాల రైటర్' అని పేరు పడిపోయింది. ఎదురుగా ఎవరూ అనరు కానీ, నాకు తెలియకుండా ఉంటుందా!

నాలుగోది బాగోతం గంగారాం కథ. ఎల్లారెడ్డి చుట్టుపక్కల ఊళ్లలో ఒకప్పుడు ఆడవేషం కట్టి జనాన్ని ఏడిపించిన మనిషి. ఆయన గొంతు మిగిలింది ఒకే ఒక్క క్యాసెట్లో. ఎవరో పరిశోధక విద్యార్థి ఎప్పుడో రికార్డు చేసి పెట్టాడు. అందులో ఆయన ఇలా అంటాడు: "అందరు ఇడిసిపెట్టి పోయిండ్రు. కడకు నా బిడ్డ తాళమేసింది. ఇంట్లనే ఆడిన, ఇంట్లనే పాడిన."

ఈ మూడు ముక్కల మీద నేను రెండున్నర గంటల సినిమా కట్టాను. తండ్రి చీర కట్టి ఆడడం నామోషీ అనుకున్న కూతురు ఆయన్ని గదిలో పెట్టి తాళం వేస్తుంది. లోపల ఆయన ముఖానికి రంగు వేసుకుని గోడలకి ఆడి చూపిస్తాడు. అదే ఇంటర్వెల్. కథ వింటూ నిర్మాత కళ్లు తుడుచుకున్నాడు. పత్రికవాళ్లు అడిగితే ఉబ్బితబ్బిబ్బైపోయి వాళ్లకీ చెప్పాను. నా ఫోటోతో సహా అచ్చయింది.

ఆ తరవాత తెలిసింది, కూతురు బతికే ఉందని. ఆమె సంతకం లేకుండా కెమెరా తిప్పడానికి వీల్లేదన్నాడు వకీలు. అందుకని ఒప్పుకోలు పత్రం సంచీలో పెట్టుకుని, బతుకమ్మ పండుగ ఇంకో పది రోజులుందనగా బయల్దేరాను.

కామారెడ్డి

కామారెడ్డి నన్ను మొదట ముక్కుతో పలకరించింది. నేను దిగిన వీధిలో బెల్లం దుకాణాలు వరసగా ఉన్నాయి. ఆ తీపివాసన మధ్య నిలబడి పది రూపాయల చాయ్ తాగాను. చాయ్‌లో కూడా బెల్లమే వేశారేమో అనిపించేంత తీపి. మా భీమవరం వైపు ఇంత తీపి టీ ఇస్తే గ్లాసు తిరిగిచ్చేస్తారు. ఇక్కడ నా పక్కనున్నాయన ఇంకో చెంచా చక్కెర వేయించుకున్నాడు.

ఆయన చక్కెర ఫ్యాక్టరీలో పనిచేసి రిటైరైన మనిషి. కబుర్లలో పడ్డాక గంగారాం పేరెత్తాను. ఆయన గ్లాసు కింద పెట్టేశాడు.

"ఆమెనా! మా నాయిన భుజాల మీద కూసొని చూసిన సారు. ఆమె ఏడుస్తె ఊరు ఊరంత ఏడుస్తుండె."

"ఆమె కాదండీ, ఆయన" అన్నాను.

"ఎరికే సారు. ఆట ఉన్నంతసేపు ఆమెనే. పొద్దున లేశి బీడీ తాగుతుంటె అప్పుడు ఆయన."

ఈ మాట వెంటనే పుస్తకంలో రాసుకున్నాను. మా వైపు నాటకాల్లో పద్యం బాగుంటే 'వన్స్ మోర్' అని అరుస్తాం, ఇక్కడ ఏం చేస్తారని అడిగాను. "ఏం జేస్తం, ఏడుస్తం" అన్నాడు. చాయ్ డబ్బులు నన్ను ఇవ్వనివ్వలేదు.

మధ్యాహ్నం ఒక మెస్‌లో గోంగూర ఉందా అని అడిగితే లేదన్నారు. పక్క బల్ల మీద ఆకు నిండా గోంగూరే కనిపిస్తోంది. నాకు కోపం వచ్చింది. "మరి అదేమిటి?" అన్నాను. వడ్డించే ఆమె నన్ను జాలిగా చూసి, "అది పుంటికూర సారు" అని పెద్ద గరిటె నిండా వేసింది. ముప్పై ఏళ్లుగా హైదరాబాదులో ఉంటున్నవాణ్ని నేను!

ఎల్లారెడ్డి బస్సులో

బస్సు నిండా ఆడవాళ్లే. వాళ్లకి టికెట్టు ఉచితం. డబ్బులిచ్చి టికెట్టు కొన్నది నేనూ, వెనక సీట్లో ఇద్దరు మగవాళ్లూ. నేను నోటు తీస్తుంటే నా పక్కన కూర్చున్న అవ్వ ముసిముసిగా నవ్వింది. ఆ నవ్వులో ఎన్నేళ్ల పాత బాకీ తీరిందో ఏమో.

దారిలో ఇరవై రూపాయలకి కాల్చిన మక్కకంకి కొన్నాను. సగం తినేసరికి దవడలు నొప్పెట్టి, మిగతాది కిటికీలోంచి పారేశాను. అవ్వ చూసింది.

"సగం తిని పారేస్తివి గద బాపు! జర ఇగురం లేకపాయె నీకు."

ఇగురు అనగానే నా ప్రాణం లేచొచ్చింది. మాది భీమవరం పక్కనని, మా ఇంట్లో రొయ్యల ఇగురు ఎలా చేస్తారో, మసాలా ఎప్పుడు వేయాలో, నీళ్లు ఎందుకు పోయకూడదో ఆవిడకి విడమరిచి చెప్పాను. అవ్వ నోరు తెరుచుకుని వింది. చుట్టూ ఉన్నవాళ్లు పడీపడీ నవ్వారు. చివరికి కండక్టరు దయతలచి, "ఇగురం అంటె పొదుపు, తెలివి సారు. కూర కాదు" అన్నాడు.

నాకూ నవ్వొచ్చింది. యాసల మీద పట్టున్న రచయితనని చెప్పుకుని రెండు చేతులా సంపాదించినవాణ్ని కదా! కిటికీ బయట వరి ఈనుతోంది. గట్ల మీద తంగేడు పచ్చగా విచ్చుకుంటోంది. అవ్వ దిగేముందు, "రొయ్యలు గూడ సగమే తింటవా?" అని అడిగి మరీ దిగింది.

ఎల్లారెడ్డి

బాలమణి ఉండే ఊరు ఎల్లారెడ్డికి అవతల ఉంది. ఊరి పేరు రాయను. నావల్ల ఆమెకి జరిగిన ప్రచారం ఇప్పటికే ఎక్కువైంది.

ఆటో మాట్లాడుకున్నాను. నడిపే అతని పేరు శ్రీకాంత్, మస్కట్‌లో ఆరేళ్లుండి వచ్చాడు. గంగారాం బిడ్డ బాలమణి ఇంటికి అనగానే వెనక్కి తిరిగి, "తాళమేసినామెనా?" అన్నాడు.

నా ఒళ్లు పులకరించింది. నిజంగా! చూశారా, ఊరే చెబుతోంది! నా ఊహ, నిర్మాత కన్నీళ్లు, అన్నీ ఒక్క మాటతో నిజమైపోయాయనుకున్నాను.

"నీకెవరు చెప్పారు?" అన్నాను ఆత్రంగా.

"ఎవలు చెప్పుడేంది అన్నా, పేపర్లనే వచ్చె. మా ఊరి గ్రూపుల అందరికి పంపిండ్రు" అని ఫోను తీసి చూపించాడు. అందులో గడ్డం కింద చెయ్యి పెట్టుకుని, ఆకాశం వైపు చూస్తూ నేనే ఉన్నాను. అతను ఫోటోని చూశాడు, నన్ను చూశాడు. ఫోను జేబులో పెట్టుకుని ముందుకి తిరిగాడు.

బాలమణి ఇంట్లో

రెండు గదుల ఇల్లు, ముందు రేకుల పందిరి. పందిరి కింద ఒళ్లో చాట పెట్టుకుని బీడీలు చేస్తోంది. అరవై ఏళ్లుంటాయి. ఆకు కత్తిరించడం, తంబాకు పోయడం, చుట్టడం, దారం కట్టడం, ఒకదాని వెనక ఒకటి. చెయ్యి ఆగడం లేదు. నేను నా పేరూ, వచ్చిన పనీ చెప్పాక ఆగింది.

"నువ్వేనా సారు? ఫోటోల ఇంక జర పడుసుగున్నవ్" అంది.

కుర్చీ వేసింది. మంచినీళ్లిచ్చింది. చాయ్ పెట్టింది. మా వైపయితే ఈపాటికి వీధి గుమ్మంలోనే దులిపేసేవాళ్లు. ఇక్కడ చాయ్ తాగించాక దులుపుతారు. గ్లాసు ఖాళీ అయ్యేదాకా ఆగి, నా చేతిలో ఉన్న స్క్రిప్టు కాగితాల వైపు చూపించింది.

"నాకు సంతకం పెట్టుడొస్తది గని, గంత పెద్దది చదవరాదు. ఏం రాసినవో నీ నోటితోనే ఇంట. చదువు."

నేను హీరోలకి చదివి వినిపించాను, నిర్మాతలకి వినిపించాను. ఎవరి గురించి రాశానో వాళ్లకి ఎప్పుడూ చదవలేదు. గొంతు సవరించుకుని తాళం సీను చదివాను. కూతురు తలుపు లాగుతుంది. తాళంకప్ప దగ్గరగా కనిపిస్తుంది. లోపలి నుంచి తండ్రి 'బిడ్డా!' అని పిలుస్తాడు. అలవాటు కొద్దీ అక్కడ గొంతు వణికించాను కూడా. తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గుతో చచ్చిపోతున్నాను.

ఆమె చాట ఒళ్లో పెట్టుకుని వింది.

"మంచిగ చదివినవ్ సారు. గని ఒక్కటడుగుత. తలుపు ఏడిది?"

"అంటే?"

"గప్పుడు మాకు తలుపు ఏడిది? గుడిసెల ఉంటిమి. కుక్కలు రాకుండ తడక అడ్డం పెడుతుంటిమి. తడకకు తాళమేస్తరా ఎవలన్న?"

నాకు వెంటనే అర్థం కాలేదు. "మరి ఆయనే అన్నారు కదమ్మా, నా బిడ్డ తాళమేసిందని?"

బాలమణి చాట పక్కన పెట్టి, రెండు అరచేతులు దగ్గరికి తెచ్చి, ఒకదాని మీద ఒకటి మెల్లగా తట్టి చూపించింది.

"తాళం సారు, తాళం. పాటకేసే తాళం."

ఆమే చెప్పుకుపోయింది.

"మద్దెలాయన దుబాయి వాయె. హార్మోనియమాయన బొంబాయి వాయె. నాయినకు కాళ్లు వడిపోయినయ్, ఊర్లకు పోరాకపాయె. గైనా పొద్దుగూకితె మొఖానికి రంగేసుకొని వాకిట్ల కూసుంటుండె. తాళం సప్పుడు లేకుంటె గాయిన నోట్లకెంచి పాట రాదు. మా మేళంల ఆడోళ్లు తాళం ముట్టద్దు. నలుగురు ఏమన్న అననీ అని నేనే పట్టుకున్న. మా అత్తగారింట్ల లొల్లి అయింది. గైనా ఏసిన. నాలుగేండ్లు ఏసిన. ఇంట్లనే ఆడిండు, ఇంట్లనే పాడిండు, ఇంట్లనే పోయిండు."

నేను ఫోను తీశాను. ఆ రికార్డు యాభై సార్లు విన్నానని ఆమెతో అన్నాను. అబద్ధం కాదు. ఆయన మాటల మధ్య పాట అందుకున్నప్పుడల్లా వెనకాల కంచు చప్పుడు ఒకటి వినిపిస్తుంది. అది ఎవరు వాయిస్తున్నారని నాకు ఒక్కసారీ అనుమానం రాలేదు. పైగా మాట స్పష్టంగా వినపడాలని, ఆ చప్పుడు తీసేసి ఇవ్వమని మా సౌండ్ ఇంజనీరుకి చెప్పాను. అతను తీసేసి ఇచ్చాడు. అదృష్టం కొద్దీ అసలుది కూడా ఫోనులో ఉంది. దాన్నే పెట్టాను.

బాలమణి ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు. ముందుకి వంగి, ఫోను దగ్గరికి చెవి పెట్టి వింది.

"గిది నాయిన. గా తాళం నేను" అంది. "మళ్ల పెట్టు."

మూడుసార్లు పెట్టించుకుంది. మూడోసారి అయ్యాక చాట మళ్లీ ఒళ్లోకి తీసుకుని, నా వల్ల ఏం జరిగిందో అప్పుడు చెప్పింది.

"పదిహేనేండ్ల సంది మా వాడకట్టుల బతుకమ్మకు పాట నేనే ఎత్తుకుంట. నేను ఎత్తుకుంటె తక్కినోళ్లు అందుకుంటరు. మొన్న మా ఆడోళ్ల సంఘంల అన్నరు. కన్నతండ్రికి తాళమేసినామె ఎత్తుకుంటె పండుగ మంచిగుంటదా, ఈసారి వేరేటోళ్లు ఎత్తుకోవాలె అని. ఎరుకున్న పెద్దోళ్లంత పోయిరి. నేను చెప్తె, పేపర్ల వచ్చింది అబద్ధమా అంటున్నరు. ఏం జెప్పాలె సారు?"

నా సంచీలో ఒప్పుకోలు పత్రం ఉంది. దాన్ని బయటికి తీసే ధైర్యం నాకు లేకపోయింది. ఆమే అడిగింది.

"నా సంతకం కోసమొచ్చిన అంటివి గద. నా సంతకమెందుకు? నువ్వు రాసియ్యి. రేపు మంగళారం సంఘం కూసుంటది. అందరి ముంగట చదువు."

మళ్లీ ఎల్లారెడ్డి

సాయంత్రం ఎల్లారెడ్డిలో ఒక బండి దగ్గర నిలబడి నిర్మాతకి ఫోన్ చేశాను. మిరపకాయ బజ్జీ ప్లేటు ముప్పై రూపాయలు. పైన ఉల్లిపాయలూ నిమ్మకాయా మాత్రం ఎంతడిగితే అంత. మొత్తం విని ఆయన తేలిగ్గా అన్నాడు:

"పేర్లు మార్చేద్దాం సార్. ఊరు కూడా మార్చేద్దాం. అప్పుడు సంతకంతో పనేముంది? మీరు తాళం మాత్రం వదలొద్దు."

నిజం చెప్పేస్తాను. రెండు బజ్జీలు తినేంతసేపు నేను కూడా అలాగే అనుకున్నాను. ఎనభై సీన్లు రాసి ఉన్నాయి. అడ్వాన్సు ఖర్చయిపోయింది. పేరు మారిస్తే ఎవరికి తెలుస్తుంది? అప్పుడు వీణ విద్వాంసుడి తమ్ముడు గుర్తొచ్చాడు. ఆ సినిమాలో అన్న వీణని అమ్మేసిన తమ్ముడిగా చూపించాను ఆయన్ని. విడుదలైన వారం నుంచి ఆయన నాకు ఎన్నిసార్లు ఫోన్ చేశాడో. నేను తీయలేదు. కళాకారుడి కథలో ఒక దుర్మార్గుడు ఉండాలి, ఎక్కడో ఒక తలుపు మూసుకోవాలి, లేకపోతే ప్రేక్షకుడు ఏడవడు అని కుర్రరచయితలకి పాఠాలు చెప్పేవాణ్ని. ఆ తమ్ముడు ఏం చెబుదామని చేశాడో నాకు ఈ రోజుకీ తెలియదు.

"తాళం ఉంటుందండీ. తలుపే ఉండదు" అన్నాను.

"మీకేమైనా ఎండదెబ్బ తగిలిందా?" అన్నాడు నిర్మాత.

కూతురు తాళం వేస్తే తండ్రి వాకిట్లో ఆడతాడు, ఇంటర్వెల్ అదే అన్నాను. ఆలోచించుకుని చెబుతానన్నాడు. ఇది రాసేనాటికి ఇంకా ఆలోచిస్తూనే ఉన్నాడు.

లాడ్జి గదిలో కూర్చుని కాగితం రాశాను. ఐదు వాక్యాలు. నాలుగుసార్లు చింపేశాను. 'అపార్థం జరిగింది' అని ఒకసారి రాశాను, 'సమాచార లోపం' అని ఇంకోసారి. తప్పు ఎవరిదో తెలియకుండా వాక్యం నడిపించడం మా వృత్తిలో బాగా అలవాటవుతుంది. ఐదోసారి 'నేను తప్పు విన్నాను, ఎవరినీ అడగకుండా రాశాను' అని రాశాను, ఇంక చింపలేదు.

సంఘం షెడ్డు

మంగళవారం పొద్దున షెడ్డులో ఓ ఇరవై మంది ఆడవాళ్లు చాపల మీద కూర్చున్నారు. కొందరు చాటలు కూడా తెచ్చుకున్నారు. మాట వింటూ బీడీలు చుట్టేస్తున్నారు. సంఘం లీడరు అనసూయ, నలభై ఏళ్ల మనిషి, గొంతు కంచు. నన్ను నిలబెట్టే చదివించింది.

చదివాను. గంగారాం కూతురు బాలమణి తండ్రిని ఏ గదిలోనూ పెట్టలేదు. వాళ్ల గుడిసెకి తలుపే లేదు. మేళంలో అందరూ వెళ్లిపోయాక ఆమె నాలుగేళ్లు ఆయన పాటకి తాళం వేసింది. నేను తప్పు విన్నాను, ఎవరినీ అడగకుండా రాశాను. పత్రికలో నేను చెప్పినది నిజం కాదు.

అనసూయ చెయ్యి చాచి కాగితం తీసుకుంది. పైనుంచి కిందికి చదువుకుని తల ఎత్తింది.

"పేపర్ల ఒకటి చెప్తివి. గిప్పుడు ఇంకోటి చెప్తున్నవ్. మేము ఏది నమ్మాలె సారు?"

న్యాయమైన ప్రశ్న. "అప్పుడు నేను మీ ఊరు రాలేదమ్మా. తాళం అంటే తలుపుకి వేసే తాళమే అనుకున్నాను" అని, ఫోను గట్టిగా పెట్టి రికార్డు వినిపించాను.

గంగారాం గొంతు షెడ్డులో మోగింది. ఆయన మాట ఆపి పాట అందుకున్నాడు. వెనకాల తాళం పడింది. బీడీలు చుట్టే చేతులు ఒక్కొక్కటే ఆగాయి. మూల కూర్చున్న ఒక ముసలావిడ, "ఔ, గంగారామే. మా లగ్గమప్పుడు ఆడిండు" అంది. తరవాత బాలమణి వైపు తిరిగి, "గిది నువ్వేసుడేనానే?" అని అడిగింది.

"నేనే అవ్వా" అంది బాలమణి.

అనసూయ పాట అయ్యేదాకా ఆగింది. "ఇగ అయిపోయింది. మేం గుడ ఎన్కముందు చూడకుంట అన్నం" అంది. ఆ తరవాత బాలమణితో, "పెద్దమ్మా, మనసుల పెట్టుకోకు. ఎప్పటి తీరుగనె పాట నువ్వే ఎత్తుకో" అని, కాగితం నా ముందు పెట్టింది. "సంతకం పెట్టు సారు. సంఘం బుక్కుల అంటుపెడుతం. గ్రూపుల గుడ పెడుతం."

నేను కలం తీశాను.

"ఆగు తమ్మీ" అంది బాలమణి. అప్పటిదాకా నేను ఆమెకి సారునే. లేచి నా పక్కకి వచ్చి, కాగితంలో నేను సంతకం పెట్టబోయే చోటికి పైన ఉన్న ఖాళీ మీద వేలు పెట్టింది.

"ఇంకొక్క ముక్క రాయి. నాలుగేండ్లల ఒక్కనాడు గుడ తాళం తప్పలేదని రాయి."

షెడ్డులో నవ్వులు లేచాయి. "గది సారుకెట్ల ఎరుక పెద్దమ్మా?" అంది అనసూయ.

"ఎందుకెరుకలేదు? యాభై సార్లు ఇన్నడట. ఒక్క దెబ్బ తప్పినా దొరుకుతుండె" అంది బాలమణి. ఆమె నవ్వడం లేదు. నా వైపే చూస్తోంది.

నాలుగేళ్ల సంగతి నాకు తెలియదు. నేను విన్న పాట మటుకు నిజం. యాభై సార్లలో ఎక్కడా తప్పలేదు. ఆమె చెప్పిన మాట ఆమె చెప్పినట్టే రాసి, దాని కింద సంతకం పెట్టాను.